తంగేడు పువ్వా, తంగేడు చెక్కా?

ఖమ్మం నుంచి కొత్తగూడెం, పాల్వంచ మీదుగా భద్రాచలం పోయే దారిలో తంగేడు ఎక్కడిదాకా వస్తుందో, ఎక్కడ ఆగుతుందో చూడదగ్గ సంగతి. ఎర్రమట్టి చెలకల గట్ల మీద, చెరువు కట్టల మీద, రాళ్ళు తేలిన బంజరు మీద విరగబూస్తుంది. టేకు, మద్ది, ఇప్ప చెట్ల నీడ చిక్కబడే కొద్దీ పలచబడుతుంది. దానికి ఎండ కావాలి, నేల ఎంత పేదదైనా పరవాలేదు. పశువు నోరు పెట్టదు కాబట్టి కంచె కూడా అక్కర్లేదు. అడవి అయిపోయి ఊరు ఇంకా మొదలు కాని ఆ నడిమి జాగాలోనే దాని కాపురం.

2014 నవంబరులో తెలంగాణ ప్రభుత్వం ఈ పువ్వును రాష్ట్ర పుష్పంగా ప్రకటించింది. పాలపిట్ట, జింక, జమ్మిచెట్టు కూడా అప్పుడే రాష్ట్ర చిహ్నాలయ్యాయి. పువ్వుకు గౌరవం దక్కినందుకు సంతోషించినవాళ్ళలో నేనూ ఉన్నాను. ఆ గౌరవం పువ్వు దగ్గరే ఆగిపోయిందన్న బాధ ఆ తర్వాత మొదలైంది. ఆ బాధ నుంచే ఈ సంవాదం పుట్టింది.

ఇందులో మాట్లాడేది ఇద్దరు. చెల్లె చేనేత ఇంట్లో పుట్టి, చెట్ల రంగుల అద్దకం నేర్చుకుని, అడవి అంచు ఊళ్ళలో కోయ ఆడవాళ్ళతోనూ తక్కినవాళ్ళతోనూ కలిసి సంఘం నడుపుతోంది. అన్న తోళ్ళు పదును చేసిన ఇంటివాడు, బడిలో తెలుగు చెప్పి రిటైరయ్యాడు. రక్త సంబంధం లేకపోయినా వరస కలుపుకున్నారు. ఈ మాటలన్నీ ఒక్కపూట ఒక్కచోట అనుకున్నవి కావు. రెండు పక్షాల వాదనలూ చాలా నోళ్ళలో విన్నాను, వాటిని ఇద్దరి నోట పెట్టాను.

చెల్లె: అన్నా, పువ్వుకు పదవి ఇచ్చి ఏళ్ళు గడిచాయి. గోడల మీద బొమ్మ వేశాం, బతుకమ్మ మీద పేర్చాం. ఆ పసుపు ఒక్క చీర మీదికైనా వచ్చిందా? మా సంఘంలో ఆడవాళ్ళు పూలు కోసి, ఎండబెట్టి, నూలుకు అద్దితే ఆ పైసలు వాళ్ళ చేతికి వస్తాయి. దీనికి విత్తనం కొననక్కర్లేదు, నీళ్ళు పెట్టనక్కర్లేదు, మందు కొట్టనక్కర్లేదు. తంగేటి జున్నులాగ చేతికందే దాన్ని వదిలేసి, డ్రమ్ముల్లో వచ్చిన రంగు కొనుక్కుంటున్నాం.

అన్న: చేతికందేది ఏదైనా ముందు ఎవరి చేతికి అందిందో అడగాలి చెల్లె. నువ్వు పువ్వు గురించే మాట్లాడుతున్నావు. ఈ పొద మా ఇంటికి తెలిసింది చెక్క వల్ల. తంగేడు చెక్క అంటే కొమ్మల మీద పట్ట. అది లేకపోతే ఈ తెలుగు నేల మీద మోట బొక్కెన లేదు, ఎద్దుకు తోలు పట్టెడ లేదు, రైతు కాలికి కిర్రు చెప్పు లేదు. మోట తోలితేనే బావి నీళ్ళు పైకి వచ్చిన కాలం అది. ఆ తోలును నీళ్ళలో కుళ్ళకుండా నిలబెట్టింది తంగేడు చెక్క.

చెల్లె: తోలు సంగతి నేను కాదనడం లేదు. అది పోయిన పని, నాది రాబోయే పని అంటున్నాను.

అన్న: పోయిన పని అని అంత తేలిగ్గా అనకు. అది ఎలా చేసేవాళ్ళో ముందు విను. పచ్చి తోలు తెచ్చి సున్నం నీళ్ళలో నానవేసేవాళ్ళు. వెంట్రుక వదులైతే గీకేవాళ్ళు, లోపలి వైపు కండ గీకేవాళ్ళు. సున్నం పోయేదాకా కడిగి కడిగి తొక్కేవాళ్ళు. ఆ తర్వాత తోలును సంచిలాగ కుట్టి, చెట్టు కొమ్మకు వేలాడదీసి, అందులో దంచిన తంగేడు చెక్క, నీళ్ళు నింపేవాళ్ళు. ఆ నీరు తోలు గుండా చెమటలాగ కారుతుంటే కింద కుండ పెట్టి పట్టి, మళ్ళీ పైనుంచి పోసేవాళ్ళు. కొన్నాళ్ళకు సంచిని తలకిందులు చేసి ఇంకో వైపు కుట్టు విప్పి మళ్ళీ నింపేవాళ్ళు, లేకపోతే మెడ దగ్గర తోలు పచ్చిగా మిగిలిపోతుంది. వారాల తరబడి ఇదే పని. తోళ్ళు పదును చేసే లంద దగ్గర వాసనకు ఊరు ముక్కు మూసుకునేది. ఆ తోలుతో కుట్టిన చెప్పు మాత్రం ఊరంతా తొడిగేది.

(తోలు పదును గురించి తెలుగులో ఇంత వివరంగా మాట్లాడుకున్న సందర్భాలు నాకు తక్కువే ఎదురయ్యాయి. నేత మగ్గం గురించి పుస్తకాలున్నాయి, కంచు పోత గురించి వ్యాసాలున్నాయి. చెట్టు కొమ్మకు వేలాడిన ఆ తోలు సంచి కూడా అంతే తెలివితో కూడిన పరికరం. చర్మంలోని పోగులను చెక్కలోని వగరు గట్టిగా పట్టుకుంటుంది. వగరు తోలు మందం అంతా సమంగా ఇంకడానికి కనిపెట్టిన పద్ధతి అది. దాన్ని కనిపెట్టినవాళ్ళ పేర్లు ఎవరూ రాసుకోలేదు.)

చెల్లె: అన్నా, నువ్వు చెప్పిన ఆ వగరు నా అద్దకం తొట్టిలోనూ ఉంది. పత్తి నూలు మొండిది. పట్టూ ఉన్నీ పట్టుకున్నట్టు రంగును పట్టుకోదు. ముందు నూలును ఉడకబెట్టి జిడ్డు తీయాలి. తర్వాత కరక్కాయ నీళ్ళలో ముంచాలి, అది వగరే. ఎండాక పటిక నీళ్ళలో ముంచాలి. అప్పుడు పూలు ఉడికించిన నీళ్ళలో వేస్తే పసుపు ఎక్కుతుంది. పెడన కలంకారీ వాళ్ళూ శ్రీకాళహస్తి వాళ్ళూ బట్టను కరక్కాయ, గేదె పాలతో తడిపిన తర్వాతే పని మొదలుపెడతారు. ఇనుప ముక్కలను బెల్లం నీళ్ళలో పులియబెట్టి నలుపు చేస్తారు కదా, ఆ నలుపును నిలబెట్టేదీ వగరే. నీ తంగేడు చెక్క ఉడికించిన నీళ్ళకు ఇనుము తగిలిస్తే బూడిద రంగు నుంచి నలుపు దాకా వస్తుంది. మీ లంద, మా తొట్టి ఒకే రసం తాగినవే.

అన్న: ఆ మాట ఒప్పుకుంటాను. అయితే ఇంకో మాట నిజం చెప్పు. పువ్వు పసుపు ఎన్నాళ్ళు నిలుస్తుంది?

చెల్లె: ఎండకు తగ్గుతుంది. దాచి చెప్పను. పసుపు కొమ్ము రంగు కన్నా నయం, అది ఎండ తగిలితేనే వెలిసిపోతుంది. మోదుగ పువ్వు రంగు హోలీకి బాగుంటుంది గాని రోజూ ఉతికే బట్టకు చాలదు. గట్టి పసుపు కావాలంటే దానిమ్మ తొక్క ఉంది, కరక్కాయ పూవు ఉంది, బంతిపూలు ఉన్నాయి. తంగేడు పువ్వు ఒక్కదాని మీదే వ్యాపారం నిలబెడతానని నేను అనడం లేదు.

అన్న: మరి బంతి వెయ్యి! బంతి రైతు పొలంలో పండుతుంది. బతుకమ్మకూ బంతే, దసరా దండకూ బంతే. పండగ తెల్లారి కుప్పలు కుప్పలుగా పారబోస్తారు. గుళ్ళలో రోజూ వాడిన పూలున్నాయి. ఆ కుప్పలు ఎత్తుకుని రంగు తీయి, ఎవరూ అడ్డుకోరు. గట్టు మీద తన మానాన తాను బతికే తంగేడు జోలికి ఎందుకు పోతావు?

చెల్లె: ఎందుకంటే బంతి పొలం ఉన్నవాళ్ళది, తంగేడు పొలం లేనివాళ్ళది. నా సంఘంలో సగం మందికి సెంటు భూమి లేదు. పోడు చేసుకునేవాళ్ళకు పట్టా ఉన్నా నీళ్ళు లేవు. గట్టు మీద పొద వాళ్ళకు అడగకుండా దొరికే ఆస్తి. ఇంకోటి చెబుతా విను. ఆకుపచ్చ రంగు ఒక్క చెట్టు నుంచి పత్తికి దిగదు. నీలిలో ముంచిన నూలును పసుపులో ముంచితేనే వస్తుంది. ఇంగ్లాండులో కెండల్ అనే ఊళ్ళో ఇట్లాంటి పసుపు పూల పొద ఒకటి వాడేవాళ్ళు, దాని రంగును వోడ్ అనే ఆకు నీలి మీద వేసి ఆకుపచ్చ ఉన్ని బట్ట తీసేవాళ్ళు. ఆ బట్టకు ఊరి పేరే స్థిరపడింది. మనకు నీలి ఉంది, నీలి తొట్టిని పులియబెట్టడానికి తంగేడు చుట్టమైన తగిరిస గింజలు ఉన్నాయి, పసుపుకు తంగేడు ఉంది. మన ఆకుపచ్చకు మన ఊరి పేరు ఎందుకు ఉండకూడదు?

అన్న: కెండల్ బట్టకు ఊరి పేరు నిలిచింది, పొదను కోసిన మనిషి పేరు నిలిచిందా? నాకు భయం ఆ దగ్గరే. మన తంగేడు ఒకసారి ప్రపంచానికి పోయింది చెల్లె. మద్రాసు చుట్టుపక్కల తోళ్ళ కార్ఖానాలు తంగేడు చెక్కతో పదును చేసిన తోళ్ళను ఓడల్లో ఇంగ్లాండు పంపాయి. మొదటి ప్రపంచ యుద్ధంలో బ్రిటిష్ సైన్యం బూట్ల కోసం ఆ తోళ్ళను సర్కారే కొన్నది. అప్పుడు ఊరూరా పొదలు నరికి, చెక్క ఒలిచి, మోపులు కట్టి పంపారు. చెక్క ధర పెరిగేసరికి దక్షిణాఫ్రికా నుంచి వాటిల్ చెట్టు పట్ట దిగుమతి చేసుకున్నారు, అది చవక. మరో పక్క క్రోమ్ ఉప్పుతో పదును చేసే పద్ధతి వచ్చింది. ఇరవయ్యో శతాబ్దం తొలి ఏళ్ళలో ఆల్‌ఫ్రెడ్ చాటర్టన్ అనే అధికారి మద్రాసులో దాని ప్రయోగాలు నడిపించాడు. వారాలు పట్టే పని రోజుల్లో అయిపోయింది. తంగేడు చెక్క అడిగేవాడు లేకుండా పోయాడు. మా తాతల లందలు ఎండిపోయాయి. అవసరం ఉన్నప్పుడు నరికారు, తీరాక మరిచారు.

చెల్లె: క్రోమ్ ఏం చేసిందో కూడా చెప్పు అన్నా. తమిళనాడులో పాలారు ఒడ్డున కార్ఖానాల నీళ్ళు బావుల్లోకి దిగి తాగడానికి నీళ్ళు లేకుండా చేశాయి. 1996లో సుప్రీంకోర్టు వెల్లూరు పౌరుల కేసులో, పాడు చేసినవాళ్ళే నష్టం కట్టాలని తీర్పు ఇచ్చింది. రంగుల సంగతీ అంతే. 1994లో జర్మనీ కొన్ని అజో రంగులు ఒంటికి ప్రమాదమని నిషేధించింది, 1997లో మన దేశమూ నిషేధించింది. చెట్ల రంగులు మళ్ళీ కావాలని అప్పుడే అడగడం మొదలైంది. ఉజ్రమ్మ గారి దస్త్‌కార్ ఆంధ్ర అనే చేనేత సంస్థ వాళ్ళు ఆదిలాబాద్ చెన్నూరు లాంటి చోట్ల నేతగాళ్ళతో చెట్ల రంగులు మళ్ళీ వేయించారు. దారి ఉందని చూపించారు. నేను కొత్తగా ఏదీ కనిపెట్టడం లేదు.

అన్న: వాళ్ళు చేసింది మంచి పనే. నేతగాడిని గురువుగా కూర్చోబెట్టారు కాబట్టి మంచి పని అయింది. నీ సంఘంలో తోలు పదును తెలిసిన మనిషి ఒక్కడైనా కూర్చున్నాడా?

చెల్లె: లేరు.

అన్న: చెక్క ఏ నెలలో ఒలిస్తే వగరు ఎక్కువ, ఎంత లావు కొమ్మ కోయాలి, మొదలు ఎంత వదలాలి, ఇవన్నీ ఎవరిని అడిగి నేర్చుకున్నావు?

చెల్లె: పుస్తకాల్లో ఉన్నంత చదివాను. కొంత చేసి చూశాను.

అన్న: మా వాడలో ఇంకా ముసలివాళ్ళు ఉన్నారు. వాళ్ళను ఎవరూ అడగలేదు. పువ్వు కథ ఇదే చెల్లె. తంగేడు ఊరి అంచున పెరిగింది, మమ్మల్నీ ఊరి అంచునే ఉంచారు. బతుకమ్మ ఎత్తుకుని పువ్వు నడి ఊళ్ళోకి పోయింది, రాష్ట్ర పుష్పమై సచివాలయం దాకా పోయింది. దాని చెక్కను దంచిన చేతులు ఉన్నచోటే ఉన్నాయి. ఇప్పుడు రంగు పేరుతో చెక్క కూడా నడి ఊళ్ళోకి పోతుందంటున్నావు. మేం మళ్ళీ అంచునే ఉంటామా?

ఈ ప్రశ్నకు చెల్లె దగ్గర అప్పటికప్పుడు జవాబు లేదు. ఉండనక్కర్లేదు కూడా. మన దగ్గర సంప్రదాయ విజ్ఞానం అనే మాట ఎక్కువ వినిపిస్తుంది. ఆ విజ్ఞానం మనుషుల్లో ఉంటుందనీ, ఆ మనుషులకు ఇల్లూ కులమూ ఆకలీ ఉంటాయనీ మరిచిపోయి ఆ మాట వాడుతుంటాం. తోళ్ళ శాస్త్రంలో తెలుగువాళ్ళకు పెద్ద పేరు తెచ్చిన మనిషి యలవర్తి నాయుడమ్మ. తెనాలి దగ్గర యలవర్రులో 1922లో పుట్టి, మద్రాసులోని కేంద్ర తోళ్ళ పరిశోధనా సంస్థకు చాలా ఏళ్ళు డైరెక్టరుగా ఉండి, 1985లో ఎయిరిండియా కనిష్క విమానం పేల్చివేతలో చనిపోయాడు. రైతు ఇంటి బిడ్డ తోలును శాస్త్రంగా చేపట్టడం ఆ రోజుల్లో చిన్న సంగతి కాదు. ఆయన గురించి పిల్లలకు పాఠం చెప్పాలి. అదే పాఠంలో లంద దగ్గరి మనుషుల గురించి కూడా ఉండాలని నేను గట్టిగా నమ్ముతాను.

చెల్లె: నువ్వు అడిగింది న్యాయమే. కానీ ఆ న్యాయం కోసం పని ఆపమంటావా? పని ఉంటేనే కదా ఎవరినైనా పిలిచి కూర్చోబెట్టేది. అడవి హక్కుల చట్టం 2006లో వచ్చింది, చిన్న అటవీ ఉత్పత్తులు అక్కడ బతికేవాళ్ళవేనంది. దానికి పదేళ్ళ ముందే, 1996లో, గిరిజన ప్రాంతాల పీసా చట్టం గ్రామసభకు వాటి మీద అధికారం ఇచ్చింది. గిరిజన సహకార సంస్థ 1956 నుంచి కరక్కాయ, చింతపండు, తేనె, బంక కొంటూ వచ్చింది. కరక్కాయకు కేంద్రం మద్దతు ధర కూడా పెట్టింది. తంగేడుకు కూడా గ్రామసభ ఒక ధర అనుకుంటే కొనేవాళ్ళు వస్తారు. ఏటా శ్రీరామనవమికి భద్రాచలానికి ఎంతమంది వస్తారో నీకు తెలియనిది కాదు. అక్కడ తలంబ్రాలే గులాలు కలిసి ఎర్రగా ఉంటాయి, హోలీ పున్నమి నాడే కలపడం మొదలుపెడతారు. రంగంటే అంత ఇష్టమున్న చోట చెట్టు రంగు కండువా కొనేవాళ్ళు ఉండరా?

అన్న: కొంటారు. కొన్నాకే అసలు కథ. నువ్వు చెప్పిన చట్టాలు అడవికి. తంగేడు అడవిలో ఎంతుంది? గట్టు మీద, రోడ్డు పక్కన, చెరువు కట్ట మీద ఉంది. అక్కడ గ్రామసభను ఎవరూ అడగరు. ఆటో ఎక్కి వచ్చి కోసుకుపోతారు. బతుకమ్మ ముందు పట్నం బజారులో తంగేడు, గునుగు కట్టలు కట్టలుగా అమ్ముతున్నారు చూశావు కదా. మా చిన్నప్పుడు వీటిని కొనుక్కోవడం అనే మాటే లేదు. పొలాల గట్లు చెరిపేశారు, బంజర్లు ప్లాట్లయ్యాయి. సారపాకలో 1979 నుంచి కాగితం మిల్లు నడుస్తున్నది, దానికి కర్ర కావాలి. చుట్టూ జామాయిల్, సుబాబుల్ తోటలు పెరిగాయి. రైతుకు అవి పైసలిచ్చాయి, నేను కాదనను. కానీ ఆ తోటల కింద తంగేడు బతకదు.

చెల్లె: అందుకే అంటున్నాను, పొదకు విలువ ఉంటే ఎవరైనా కాపాడతారు. విలువ లేనిదే ముందు పోతుంది.

అన్న: విలువ ఉన్నదీ పోతుంది. 2014 నవంబరులో పువ్వుకు పట్టం కట్టారు. అదే ఏడాది అంతకు కొన్ని నెలల ముందే పోలవరం కోసం మన ఏడు మండలాలు ఆంధ్రప్రదేశ్‌లో కలిశాయి. చింతూరు, కూనవరం, వి.ఆర్.పురం, కుక్కునూరు, వేలేరుపాడు పూర్తిగా పోయాయి. భద్రాచలం పట్టణం మనకు మిగిలి, చుట్టూ ఉన్న పల్లెలు అటు పోయాయి. బూర్గంపాడులో కొంత పోయింది. ముంపు ఊళ్ళ కోయలు కాలనీలకు పోతున్నారు. కాలనీలో ఇల్లు ఉంటుంది, కరెంటు ఉంటుంది. వాకిలి దాటితే అడవి అంచు ఉండదు. నువ్వు పూలు కోయిద్దామంటున్న ఆడవాళ్ళకు ఆ అంచే లేకపోతే ఏం కోస్తారు? ముందు అంచును నిలబెట్టు, రంగు తర్వాత.

చెల్లె: అంచును నిలబెట్టే శక్తి నాకు లేదన్నా. నాకున్నది ఒక తొట్టి, నలభై ఏళ్ళు దాటిన కొందరు ఆడవాళ్ళు, నేత మీద ప్రేమ. పోలవరం ఆపలేను, మిల్లును ఆపలేను. ఒక గట్టు మీద పొదలు కాపాడగలను. ఆ చిన్న పని చేయొద్దంటే నేనేం చేయను?

అన్న: చేయొద్దనలేదమ్మా. ఎట్లా చేయాలో అంటున్నాను. పూలు కోస్తే కాయ రాదు. కాయ రాకపోతే గింజ రాలదు. గింజ రాలకపోతే కొన్నేళ్ళకు గట్టు ఖాళీ. తేనెటీగలకు కూడా ఆ పువ్వే ఆధారం. చెక్క అట్లా కాదు. నేలకు జానెడు పైన కొమ్మ కోస్తే మొదలు నుంచి నాలుగు చిగుర్లు వస్తాయి. ఏటికేడు పొద దుబ్బు కడుతుంది. మా తాతలు ఒకే గట్టును తరతరాలుగా కోశారంటే అందుకే. నువ్వు పువ్వు పట్టుకోవడం అందానికి. చెక్క పట్టుకో, అది నిలుస్తుంది. ఇనుము తగిలితే నలుపని నువ్వే చెప్పావు, పటిక తగిలితే చామనపసుపు. పువ్వును బతుకమ్మకు, తేనెటీగకు వదిలెయ్యి.

ఇక్కడ వాదన మలుపు తిరిగింది. అప్పటిదాకా అన్నది పాత బాధ అనీ, చెల్లెది కొత్త ఆశ అనీ అనిపించింది. నిజానికి పని సంగతి ఎక్కువ తెలిసినవాడు అన్నే. పువ్వు కోస్తే పొద వంశం తెగుతుంది, కొమ్మ కోస్తే పొద గుబురు కడుతుంది. ఇది తెలిసినవాడిని పక్కన పెట్టి తంగేడు పథకం ఏది రాసినా అది కాగితం మీదే ఉంటుంది.

చెల్లె: చెక్కతో అయితే నా కొనుగోలుదార్లు అడిగే నిండు పసుపు రాదు.

అన్న: నిండు పసుపుకు బంతి ఉంది, ఇందాక చెప్పాను. తంగేడు నలుపును అమ్ము, తంగేడు బూడిద రంగును అమ్ము. పుట్టపాక తేలియా రుమాలులో ఎరుపు పక్కన ఉండే నలుపుకు ఎంత గౌరవం ఉందో నీకు నేను చెప్పాలా? నలుపు కట్టుకుంటారు జనం. దాంతోపాటు అదే చెక్క నీళ్ళతో రెండు మేక తోళ్ళు పదును చేయించు. సంచి చేయించు, చెప్పు చేయించు. నీ చీర పక్కన మా చెప్పు ఒకే అరుగు మీద పెట్టి అమ్ము.

చెల్లె: తోలు తెస్తే సంఘంలో కొందరు రారన్నా. నీకు తెలుసు.

అన్న: తెలుసు. అందుకే అడిగాను.

చెల్లె: కొందరు రాకపోతే కొందరితోనే చేద్దాం. కోయ ఆడవాళ్ళకు ఆ పట్టింపు లేదు. మా చేనేత ఇళ్ళలో ఉంది, అది నేను చూసుకుంటాను. మా అమ్మతోనే మొదలుపెట్టాలి.

అన్న: మీ అమ్మ ఒప్పుకుంటే సగం పని అయినట్టే.

చెల్లె: చెక్క ఇప్పుడే కావాలంటే? బతుకమ్మ ముందు కొమ్మ కోయనివ్వవు కదా.

అన్న: పూత అయిపోయి కాయ ముదిరేదాకా కోయొద్దు. తొందరగా ఉంటే ఒక దారి ఉంది. రోడ్డు వెడల్పు చేసేచోట పొదలను యంత్రంతో పెకిలించి పక్కకు నెడుతున్నారు. అవి ఎట్లాగూ చచ్చేవే. వాటి చెక్క ఒలుచుకో. కాయలుంటే ఏరుకో. గింజ పైపొర గట్టి, వేడి నీళ్ళు పోసి రాత్రంతా నానబెడితేనే మంచిగ మొలుస్తుంది.

చెల్లె: ఎక్కడ చల్లుదాం? మా అద్దకం కొట్టం వెనక రెండు గుంటల జాగా ఉంది.

అన్న: అక్కడ వద్దు. అక్కడ చల్లితే అది నీ తోట అవుతుంది. చెరువు కట్ట మీద, మా వాడకూ కోయ గూడేనికీ మధ్య ఉన్న ముక్క మీద చల్లు.

చెల్లె: ఆ కట్ట ఎవరిదని రేపు గొడవ వస్తుంది. పొద పెరిగి చెక్కకు ధర వచ్చాక తప్పకుండా వస్తుంది.

అన్న: వస్తుంది. అందుకే చల్లకముందే గ్రామసభలో రాయించు. కోసే హక్కు వాడ ఆడవాళ్ళకూ గూడెం ఆడవాళ్ళకూ సమానమని రాయించు. పండగ రోజుల్లో, కాయ ముదిరేదాకా ఎవరూ కొమ్మ ముట్టొద్దని రాయించు. రాసిన కాగితం తెస్తే నేను వచ్చి చెక్క ఎట్లా ఒలవాలో చూపిస్తాను. మా మేనమామ కొడుకు ఒకడున్నాడు, సంచి కట్టడం వాడికి ఇంకా చేతనవును. వాడినీ తెస్తాను.

చెల్లె: మీ ఇద్దరికీ కూలి ఎంత ఇమ్మంటావు?

అన్న: కూలి అనకు. బడిలో ఒక పూట పాఠం చెప్పిన పంతులుకు ఎంత వస్తుందో అంత ఇవ్వు. నాకెంతో వాడికీ అంతే.

చెల్లె: అంత ఇప్పుడు ఇవ్వలేను. మొదటి నూలు అమ్ముడుపోయేదాకా సంఘం దగ్గర పైసలు లేవు.

అన్న: అయితే సంఘం పుస్తకంలో బాకీ అని రాసుకో. వాడి పేరు కింద రాయి, సంతకం పెట్టు.